హాట్ ప్రెస్‌లో రెండు డబ్బాలు

డబ్లిన్ నుంచి నీవ్ అనే అమ్మాయి ఫోన్ చేసినప్పుడు నేను ఐర్లండులో నేస్ అనే ఊళ్ళో మా ఇంటి వెనక దుప్పట్లు ఆరేస్తున్నాను. ఇంట్లో డ్రయర్ ఉంది. అయినా కాస్త ఎండ కనపడితే చాలు, నా చేతులు ఊరుకోవు. పాత సినిమాలు భద్రపరిచే చోట పనిచేస్తున్నానని చెప్పి, "కార్క్‌లో మిస్ ఆలివ్ దగ్గర ఉన్న సువార్తగారు మీరేనా?" అని అడిగింది. ఆ పేరు ఇంకొకరి నోట విని ఇరవై ఏళ్ళు దాటింది. మిస్ ఆలివ్ చుట్టాలావిడ ఒకరికి నేను ఇప్పటికీ క్రిస్మస్ కార్డు పంపుతాను, ఆవిడ దగ్గర నా నంబరు దొరికిందట. "మీరు రాసిన నోటుబుక్కు మా దగ్గరుంది. ప్రతి పేజీ కింద మీ సంతకముంది. ఇప్పుడు ఆ టోపీ సినిమా కాపీ ఒకటి హాలండ్‌లో ఒక పాత బడి అటక మీద దొరికింది. ఒకసారి వచ్చి చూస్తారా?" అంది. వస్తానన్నాను. మిగిలిన దుప్పట్లు కూడా ఆరేసి, లోపలికి వచ్చి కుర్చీలో కూలబడ్డాను. సంతోషించాల్సిన వార్తే. నాకు మాత్రం ముందు భయం వేసింది.

ఆ భయానికి కారణం చెప్పాలంటే ఆ ఇంటి సంగతి చెప్పాలి. కార్క్ ఊరి బయట, రింగాస్కిడీ రేవుకు వెళ్ళే దారిలో, హార్బరు కనపడేలా ఒక గుట్ట మీద ఉండేది ఆ ఇల్లు. వంటింటి కిటికీలోంచి చూస్తే ఒకవైపు మందుల ఫ్యాక్టరీల గొట్టాలు, ఒకవైపు వచ్చీపోయే పెద్ద పడవ. నేను గుంటూరులో మిషన్ ఆసుపత్రిలో నర్సింగ్ చదివి, నాలుగేళ్ళు పనిచేసి వచ్చినదాన్నే గాని, ఇక్కడి రిజిస్ట్రేషన్ కాగితాలు చేతికి వచ్చేదాకా నర్సునని చెప్పుకునే వీల్లేదు. అందుకని ఎనభై ఎనిమిదేళ్ళ మిస్ ఆలివ్‌ను ఇంట్లోనే ఉండి చూసుకునే పనిలో చేరాను. నా వర్క్ పర్మిట్ ఆ పనికే ముడిపడి ఉండేది. ఆవిడ వద్దంటే నేను మూటాముల్లె సర్దుకుని బాపట్ల బస్సెక్కాల్సిందే. ఆవిడ ఎప్పుడూ అలా బెదిరించలేదు. బెదిరించాల్సిన అవసరం లేకుండా ఆ ఆలోచన నాతోపాటే లేచి నాతోపాటే పడుకునేది.

తుంటి విరిగినప్పటి నుంచి ఆరేళ్ళుగా ఆవిడ మేడ ఎక్కలేదు. కింద ముందు గదిలోనే మంచం. పొద్దున్నే ఏడింటికి టీ. ఊలుతో అల్లిన తొడుగు కప్పిన కెటిల్లో ఆకు వేసి నీళ్ళు పోశాక, ఆవిడ మంచం మీద కూర్చుని కుడిచెయ్యి గాలిలో గుండ్రంగా తిప్పడం మొదలుపెట్టేది, కనపడని తిరగలి తిప్పుతున్నట్టు. సెకనుకు రెండు చుట్లు. నూట ఇరవై చుట్లయ్యాక "ఇప్పుడు కప్పులో పొయ్యి" అనేది. నేను మొదటి వారం అదేదో నరాల జబ్బనుకుని రహస్యంగా నోట్సులో కూడా రాసుకున్నాను. తరవాత తెలిసింది, చేత్తో తిప్పే కాలం నాటి సినిమా కెమెరా వేగమట అది. వాళ్ళమ్మ నేర్పిందట. టీ తరవాత ఉప్పు వేసిన ఓట్స్ గంజి, సగం గుడ్డు, రేడియోలో సముద్రం మీది వాతావరణం. ఇల్లంతా మైనం పాలిష్ వాసన, బొగ్గు వాసన, వాటి కింద ఎప్పుడూ ఒక తడి వాసన. ఎన్నిసార్లు తుడిచినా గోడల మూలల్లో తెల్లగా బూజు పుట్టేది.

వాళ్ళమ్మ పేరు హెస్టర్ లింగ్‌వుడ్. మూగ సినిమాల కాలంలో ఇంగ్లండులో సినిమాలకు కథలు రాసింది, తరవాత తనే తీసింది. నాకు సినిమా అంటే మా ఊళ్ళో తెర మీద పడే పాటలు, ఫైట్లు. ఒక ఆడమనిషి, అదీ అంత పాతకాలంలో, సినిమా రాసి తీసిందంటే మొదట నమ్మలేదు. లండన్లో చేతితొడుగులు అమ్మే కంపెనీలో టైపిస్టుగా ఉండేదట. వాన పడితే తలదాచుకోడానికి ఒక సినిమా హాల్లో దూరి, బొమ్మ చూసి, ఇంతకంటే నేనే నయంగా రాస్తాననుకుని, ఆఫీసు టైపుమిషను మీదే కథ కొట్టి పంపిందట. వాళ్ళు తీసుకున్నారు. ఆ తరవాత ఏళ్ళ తరబడి రాసింది. చాలా వాటిలో ఆమె పేరు వెయ్యలేదు, తీసిన పెద్దమనుషుల పేరే వేసుకున్నారు. మిస్ ఆలివ్ ఈ సంగతి కోపంగా చెప్పేది కాదు. బంగాళాదుంపలు పొట్టు తీస్తూ, ఊళ్ళో ఎవరి ఆవు ఈనిందో చెప్పినట్టు చెప్పేది. కానీ చెప్పిన ప్రతిసారీ చాకు కాస్త లోతుగా దిగి, దుంపతోపాటు పొట్టు మందంగా ఊడేది.

కథ రాసే పద్ధతి మాత్రం ఆవిడ ఉత్సాహంగా చెప్పేది. హెస్టర్ వంటింట్లో కుర్చీల్ని మనుషుల్లా నిలబెట్టి, వాటి మధ్య తనే అటూ ఇటూ నడిచి, ఎన్ని అడుగులో లెక్కపెట్టి, అప్పుడు కాగితం మీద పెట్టేదట. రాశాక, గుమ్మం కడగడానికి వచ్చే పనావిడకు ఆ కథ చెప్పేదట. ఎక్కడ ఆవిడ చేతిలో బ్రష్షు ఆగితే ఆ చోటు ఉంచేది, ఆగకుండా రుద్దుతూనే ఉంటే ఆ ముక్క కొట్టేసేది. భర్త యుద్ధం నుంచి తిరిగి రాలేదు. చిన్నపిల్ల ఆలివ్‌ను పక్కన పెట్టుకుని, టమాటాలు పండించే ఒక అద్దాల షెడ్డును అద్దెకు తీసుకుని సొంతంగా సినిమాలు తీసింది. దీపాలు కొనే తాహతు లేదు, ఎండ ఉన్న పూటే పని. నటులకు తన వంటింట్లో వండిన సూపే భోజనం. మాటల సినిమాలు వచ్చాక ఆ అద్దాల కప్పు మీద వాన చప్పుడు ఆపడం ఎవరి తరమూ కాలేదు. షెడ్డులోకి మళ్ళీ టమాటాలు వచ్చాయి. కూతుర్ని తీసుకుని బంధువులున్న కార్క్ చేరి, కోళ్ళు పెంచుకుంటూ బతికింది. మళ్ళీ ఒక్క వాక్యం రాయలేదట.

"అన్నీ పోయాయి. ఒక్కటే మిగిలింది" అని మిస్ ఆలివ్ వెనక గదివైపు చూపించింది. రాతి నేల, చిన్న కిటికీ, ఫ్రిజ్‌లా చల్లగా ఉండే ఆ గదిలో అడుగు అరమీద రెండు రేకు డబ్బాలు. పెళ్ళికూతురి టోపీ సినిమా. టోపీల దుకాణంలో పనిచేసే అమ్మాయి మధ్యాహ్నం లోపల పెళ్ళికి టోపీ చేర్చాలి, దారిలో అన్నీ అడ్డమే. అందులో టోపీ మీది చెర్రీ పళ్ళు తినేసే చిన్నపిల్ల మిస్ ఆలివే. "మా అమ్మ పేరు తెర మీద నిండుగా పడింది దీంట్లోనే. నేను పోయేలోపు దీన్ని ఎవరైనా సరైన వాళ్ళ చేతిలో పెట్టాలి. లేకపోతే ఆవిడ ఉన్నట్టే ఎవరికీ తెలియదు" అంది. ఆ ఒక్క కోరికే ఆవిడకు మిగిలింది. అందుకోసం డబ్లిన్‌కు ఉత్తరాలు రాసింది. వసంతంలో మనిషిని పంపుతామని జవాబు వచ్చింది.

నేను చేసిన పని అక్టోబరులో చేశాను. మాది తుఫాన్ల ఊరు. గాలివాన వెలిశాక మా అమ్మ ఇంట్లో ఉన్న ప్రతి వస్తువునూ ఎండలో పెట్టేది. బొంతలు, పప్పులు, బైబిలు, ఊరగాయ జాడీలు, నా పదో తరగతి సర్టిఫికెట్టు. బైబిలు పేజీలు అంటుకోకుండా ఒక్కొక్కటే విప్పుతూ, "తడి తగిలిందంటే ఏదీ దక్కదే" అనేది. ఆ డబ్బాల మీద తుప్పు చూసిన రోజు నాకు ఆ మాటే గుర్తొచ్చింది. పాపం పెద్దావిడకు కింద కూర్చుని చూసే ఓపిక లేదు, ఇంత విలువైనది చెమ్మలో పడి ఉంది అనుకున్నాను. ఒక డబ్బా మూత తీశాను. గుప్పున కర్పూరం వాసన. మా పక్కింటి పంతులుగారింట్లో సాయంత్రాలు వచ్చే వాసన అక్కడ, ఐర్లండులో, రేకు డబ్బాలోంచి వచ్చేసరికి నవ్వొచ్చింది. చుట్ట పైకొస బెత్తెడు విప్పి, కిటికీ వెలుగుకు పెట్టి, మిస్ ఆలివ్ పేపరు చదివే భూతద్దంతో చూశాను. గోరంత చదరాల్లో తెల్ల అక్షరాలు. రచన, నిర్మాణం హెస్టర్ లింగ్‌వుడ్. అదే మాట చదరం తరవాత చదరంలో. మళ్ళీ జాగ్రత్తగా చుట్టి, రెండు డబ్బాలనూ పాత దిండుగలేబుల్లో పెట్టి, మేడ మీద హాట్ ప్రెస్‌లో దాచాను. ఇక్కడి ఇళ్ళల్లో వేడినీళ్ళ ట్యాంకు చుట్టూ కట్టిన బీరువా అది. దుప్పట్లు ఆరడానికి అందులో పెడతారు. ఆ ఇంటి మొత్తంలో పొడిగా ఉన్న చోటు అదొక్కటే. మంచిపని చేశానని తృప్తిగా కిందికి దిగాను. ఆవిడకు చెప్పలేదు. ఇంత చిన్నదానికి చెప్పడమెందుకనుకున్నాను.

ఆ పాత ఫిల్ముకు కావాల్సింది చలి అని, వేడి తగిలితే తనంతట తనే కుళ్ళిపోతుందని, నిప్పు అంటుకున్నా అంటుకోవచ్చని నాకెవరు చెప్తారు? చలికాలం మధ్యలో ఒకరోజు పక్క మారుస్తుంటే మిస్ ఆలివ్ నేను హాట్ ప్రెస్‌లోంచి తెచ్చిన దిండుగలేబు ముక్కుకు ఆనించుకుని చాలాసేపు పట్టుకుంది. "ఏ సబ్బు వాడుతున్నావు? మా అమ్మ అద్దాల షెడ్డు వాసనొస్తోంది" అంది. మెచ్చుకుందనుకున్నాను.

మార్చిలో మనిషి వస్తున్నాడని ఉత్తరం వచ్చాక, ముందురోజు పొద్దున డబ్బాల్ని దింపి ఎక్కడివక్కడ పెట్టాను. మూతలు తియ్యలేదు. వచ్చినాయన సన్నగా, మర్యాదగా ఉన్నాడు. మిస్ ఆలివ్ ఆ రోజు ముత్యాల దండ వేసుకుంది, నాచేత జుట్టు రెండుసార్లు దువ్వించుకుంది. బల్ల మీద పాత పేపరు పరిచి ఆయన మూత తీశాడు. పాచిపోయిన సాక్సుల కంపు. లోపల తేనెలాంటి జిగురు, అంచుల్లో గోధుమరంగు పొడి. రెండోది కూడా అంతే. ఆయన మూతలు పక్కన పెట్టి, "ఇవి ఎప్పుడైనా వేడి తగిలే చోట ఉన్నాయా?" అని అడిగాడు. మిస్ ఆలివ్, "లేదు. ఎప్పుడూ వెనక గదిలోనే" అంది. నేను టీ ట్రే పట్టుకుని ఆవిడ కుర్చీ వెనకే నిలబడి ఉన్నాను. నోరు విప్పలేదు. పర్మిట్ గుర్తొచ్చింది, రిజిస్ట్రేషన్ కాగితాలు గుర్తొచ్చాయి, మా అమ్మ ముఖం గుర్తొచ్చింది. సిగ్గుమాలిన పని. ఇప్పుడు కూడా దానికి ఇంకో పేరు పెట్టలేను.

ఆవిడ ఏడవలేదు. మూడోరోజు టీ అయ్యాక, చెయ్యి తిప్పడం ఆపి, "నోటుబుక్కు తెచ్చుకో. నాకు ప్రతి షాటూ గుర్తుంది. నేను చెప్తాను, నువ్వు రాయి" అంది. నాకు తెలిసిన రాత ఒక్కటే, వార్డులో రాసే నోట్సు. వరస నంబరు, ఏం జరిగింది, ఎంతసేపు, కింద సంతకం. అలాగే రాశాను. ఒకటో షాటు, దుకాణం, అమ్మాయి టోపీ డబ్బాకు రిబ్బను కడుతుంది, చేతి చుట్లు పద్దెనిమిది. ఎక్కడన్నా తప్పుపోతే గీకేసేదాన్ని కాదు. గుంటూరులో మా సిస్టర్ ట్యూటర్ వేళ్ళ మీద స్కేలుతో కొట్టి నేర్పింది: "తప్పు మీద ఒక్కటే గీత. కింద మాట కనపడాలి. పక్కన నీ సంతకం. దాచిపెట్టే నర్సు పేషెంటుని చంపుతుంది." ఆ మాటలు తలలో పెట్టుకునే, తప్పు దాచిపెట్టి, రోజుకు గంట చొప్పున ఆ సినిమా రాశాను.

మొదటి పేజీ దగ్గర మాత్రం ఒక చిత్రం జరిగింది. పేర్ల కార్డు మీద ఏముందో ఆవిడకు సరిగ్గా గుర్తు రాలేదు. "కథ అని ఉందా, రచన అని ఉందా..." అని కళ్ళు మూసుకుంది. నేను పెన్ను కదిలిస్తూనే, "రచన, నిర్మాణం హెస్టర్ లింగ్‌వుడ్" అనేశాను. ఆవిడ కళ్ళు తెరిచి, కళ్ళద్దాల మీదుగా నన్ను కాసేపు చూసింది. "అవును, అదే. ఊఁ, తరవాతిది" అంది.

ఆ ఏడాదే నా కాగితాలు వచ్చాయి. నేను నేస్‌కు వచ్చేశాను, పెళ్ళైంది, ఇరవై ఏళ్ళకు పైగా ఆసుపత్రిలో పనిచేశాను. మిస్ ఆలివ్ తొంభై దాటి బతికి, నిద్రలో పోయింది. కొత్తగా వచ్చిన నర్సు పిల్లలకు నేను చెప్పే మొదటి పాఠం, తప్పు చేస్తే అప్పుడే చెప్పండి అని. చెప్పిన ప్రతిసారీ నాకు ఆ బల్ల, ఆ పాత పేపరు కనపడేవి. అప్పట్లో ఇంటికి ఫోన్ చెయ్యాలంటే కార్డు కొనుక్కుని, నిమిషాలు చూసుకుంటూ మాట్లాడేవాళ్ళం. ఇప్పుడు మా అమ్మాయి గ్రేస్ తన ఫోటోలన్నీ క్లౌడ్‌లో ఉన్నాయంటుంది. తడి లేదు, వేడి లేదు, ఎవరూ తీసి మేడ మీద పెట్టలేరు. మా ఇంట్లో మీట నొక్కితే వెచ్చదనం, గోడలకు బూజు లేదు. ఇప్పుడు నన్ను ఈ దేశం నుంచి పొమ్మనేవాళ్ళూ లేరు. అయినా నీవ్ ఫోన్ తరవాత పుట్టిన భయం ఆనాటిదే.

రాత్రి భోజనాల దగ్గర ఇంట్లో చెప్పాను. మా ఆయన డేవిడ్ డబ్లిన్ శాండీఫోర్డ్‌లో ఉన్న తన ఆఫీసు నుంచి అప్పుడే వచ్చి కూర్చున్నాడు. "ఎప్పుడో అయిపోయిందిగా, ఇప్పుడు తవ్వుకోవటం ఎందుకంట? అడిగినదానికి ఆన్సర్ చెప్పేసి వచ్చెయ్" అన్నాడు. గ్రేస్ మాత్రం ఫోన్లోంచి తల ఎత్తి, "జస్ట్ టెల్ దెమ్, అమ్మా. ఇట్‌ల్ బీ గ్రాండ్" అంది. ఏం ఫరవాలేదనడానికి ఇక్కడివాళ్ళ మాట అది. పందొమ్మిదేళ్ళ దానికి అన్నీ గ్రాండే.

డబ్లిన్లో నీవ్ నన్ను ఒక చిన్న గదిలో కూర్చోబెట్టి సినిమా వేసింది. నోటుబుక్కు నా ఒళ్ళో ఉంది. పద్దెనిమిది చుట్ల రిబ్బను, బేకరీ మెట్లు, గాడిద, అన్నీ వరసగా వచ్చాయి. ఒక మూలనుంచి గౌను మీద మరక పడ్డ చిన్నపిల్ల వచ్చి, అటూ ఇటూ చూసి, టోపీ మీది చెర్రీ తెంపుకుని నోట్లో వేసుకుంది. ఆ చూపు నాకు తెలుసు. బిస్కెట్లు తినొద్దని డాక్టరు చెప్పాక కూడా నేను అటు తిరగ్గానే డబ్బా మూత తీసే చూపు. నాకు నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి. నీవ్ టిష్యూలు జరిపింది.

బొమ్మ అయ్యాక అసలు విషయం చెప్పింది. "ఈ కాపీలో మొదటి ముక్క లేదు. పేర్లు లేవు. పాత పత్రికల్లో ఆవిడ పనికి పెట్టుకున్న దర్శకుడి పేరొక్కటే ఉంది. కొత్తగా పేర్ల కార్డు చేసి హెస్టర్ పేరు వెయ్యాలని నా కోరిక. కానీ నోటుబుక్కులో ఉన్నది కూతురు ముసలితనంలో చెప్పిన మాట అంటున్నారు మావాళ్ళు. ఆ కార్డును కళ్ళారా చూసినవాళ్ళు ఇంకెవరైనా ఉన్నారా? మీకు తెలుసా?"

చూసినవాళ్ళలో బతికున్నది నేనొక్కదాన్నే. చూశానంటే ఎలా చూశానో చెప్పాలి. డబ్బా ఎందుకు తెరిచానో, తరవాత ఎక్కడ పెట్టానో చెప్పాలి. ఒక్క నిమిషం, గట్టిగా ఒక్క నిమిషం, తెలియదని చెప్పి రైలెక్కుదామనిపించింది. నా కుడిచెయ్యి బల్ల కింద నాకు తెలియకుండానే గుండ్రంగా తిరుగుతోంది.

"నేను చూశాను" అన్నాను. కిటికీ, భూతద్దం, తెల్ల అక్షరాలు. ఆ తరవాత దిండుగలేబులు, హాట్ ప్రెస్, చలికాలమంతా. ట్రే పట్టుకుని నిలబడ్డది కూడా. "ఆ సినిమాను పాడుచేసింది నేనే. ఆవిడకు చెప్పలేదు. తెలియకుండానే పోయింది" అన్నాను. నీవ్ మధ్యలో ఆపకుండా అంతా విని, లేచి వెళ్ళి ఒక ఫైలు తెచ్చింది.

"ఆవిడ పోయాక నోటుబుక్కుతోపాటు ఆ పాత డబ్బాలూ మాకు చేరాయి. వాటితో వచ్చిన కాగితం ఇది. మూత లోపల అంటించి ఉంది. మాకు ఇంతకాలం ఇందులో అనుమానమేమీ రాలేదు" అని జిరాక్సు నా ముందు పెట్టింది. వంకరపోతున్న చేతిరాత. షాపింగు లిస్టుల్లో రోజూ చూసిన రాత. "ఈ రీళ్ళు వేడికి పాడయ్యాయి. చలికాలమంతా హాట్ ప్రెస్‌లో పెట్టింది నేనే. దీని గురించి ఇంకెవరినీ అడగనక్కర్లేదు. ఆలివ్."

ఆరేళ్ళుగా మేడ మెట్టు ఎక్కని మనిషి. దిండు వాసన చూసిన రోజు కాకపోయినా, డబ్బా తెరిచినప్పుడు తెలిసి ఉంటుంది. కళ్ళద్దాల మీదుగా చూసినప్పుడు ఖాయమై ఉంటుంది. వాళ్ళమ్మ పేరును తుడిచేసిన దాని చేతికే పెన్నిచ్చి, రోజూ గంటసేపు ఆ పేరు కిందే సంతకం పెట్టించింది. ఒక్కసారైనా నన్ను తిట్టి ఉంటే బాగుండేది. ఆ గదిలో, ముక్కూమొహం తెలియని పిల్ల ముందు, వెక్కి వెక్కి ఏడ్చాను.

నీవ్ సాక్షి కాగితం తెచ్చింది. చూసింది చూసినట్టు రాసి, ఇక్కడందరూ పిలిచే 'సూ' అని కాక, పూర్తి పేరుతో సంతకం చేశాను. ఇది చాలు, పేరు పడుతుంది అంది నీవ్. తరవాత ఆ జిరాక్సు మీద రాయొచ్చా అని అడిగాను. అసలుది భద్రంగా ఉంది కదా, ఇది ఫైల్లో పక్కన పెడతాను, రాయండి అంది. "నేనే" అన్న మాట మీద ఒక్క గీత కొట్టాను. పైన "సువార్త" అని రాసి, పక్కన సంతకం పెట్టాను. గీత కింద ఆవిడ రాసిన మాట స్పష్టంగా కనపడుతూనే ఉంది.